విత్తనానికి కుడి బటన్

నా గేమ్ డబ్బా పాతది. గుంటూరులో హాస్టల్లో ఉండి చదువుకునే రోజుల్లో, పెళ్ళి కుదిరి చదువు మానేసి వెళ్ళిపోతూ నా రూమ్మేటు దాన్ని నా చేతిలో పెట్టింది. అత్తగారింట్లో దాన్ని పట్టుకుని కూర్చుంటే ఏమనుకుంటారోనని ఆ పిల్ల భయం. రెండు చేతుల్లో ఇమిడే డబ్బా, మధ్యలో తెర. ఎడమ పక్క బటన్లతో తెరమీది మనిషిని నడిపించాలి, కుడి పక్క బటన్లతో వాడిచేత పని చేయించాలి. పై అంచున అటొకటి ఇటొకటి ఇంకో రెండు బటన్లు ఉంటాయి, వాటిని చూపుడు వేళ్ళతో నొక్కుతాం. తయారుచేసిన కంపెనీ దాన్ని ఏనాడో వదిలేసింది. బ్యాటరీ ఉబ్బిపోతే విజయవాడంతా తిరిగి ఇంకొకటి వేయించుకున్నాను గానీ నేను మాత్రం వదల్లేదు.

అయితే దాని మీద నేను ఆడేవి ఆ కంపెనీ ఆటలు కావు. దానికి ఉప్పూ నిప్పూగా ఉండే మరో కంపెనీవి. ఆ రెండో కంపెనీ తన ఆటల్ని తన డబ్బాల మీద తప్ప ఇంకెక్కడా ఆడనివ్వదు. కానీ ఓపిక ఉన్నవాళ్ళెవరో రాసిపెట్టిన ఒక చిన్న ప్రోగ్రాం ఎక్కిస్తే, నా డబ్బా తనను తాను ఎదుటి కంపెనీ డబ్బా అనుకుని ఆ ఆటలన్నీ నడిపేస్తుంది. ఇది న్యాయమా అని ఎవరైనా అడిగితే నేను వాదనకు దిగను. ఇందులో ఒక సుఖం మాత్రం ఉంది. ఆ కంపెనీ సొంత డబ్బా మీద ఆడితే ఏ బటన్ ఏ పని చెయ్యాలో కంపెనీ చెప్పిందే వేదం. ఇక్కడ ఏ పనిని ఏ బటన్ కి తగిలించుకున్నా అడిగేవాళ్ళు లేరు.

వాటిలో నాకు ప్రాణమైంది ఒక పొలం ఆట. బీడు పడిన నేల చెక్క ఒకటి మన పాలబడుతుంది. రాళ్ళు ఏరాలి, కలుపు తియ్యాలి, విత్తనం వెయ్యాలి, రోజూ నీళ్ళు పొయ్యాలి. పంట చేతికి రాకముందే ఋతువు మారిందంటే చేనంతా ఎండిపోతుంది. హాస్టల్లో ఇల్లు గుర్తొచ్చినప్పుడల్లా అదే ఆడుకునేదాన్ని. సెలవులకి మా ఊరు వెళ్ళినప్పుడు మాత్రం నిజం పొలం వైపు చూసిన పాపాన పోలేదు. ఇప్పుడు నరసరావుపేటలో ఒక డిగ్రీ కాలేజీలో కంప్యూటర్లు చెబుతున్నాను, మా ఆయన ఎరువుల కొట్టు నడుపుతాడు. ఈ వయసులో కూడా ఆ డబ్బా పట్టుకుని కూర్చుంటానని ఆయన నన్ను ఏడిపిస్తూ ఉంటాడు.

మా నాన్నకి పక్షవాతం వచ్చింది మిరప కోతలప్పుడు. నూజెండ్ల దగ్గర మా పొలంలోనే, కల్లంలో కాయలు ఎండబోస్తూ పక్కకి ఒరిగిపోయాడు. కుడి చెయ్యీ కుడి కాలూ పడిపోయాయి, మాట ముద్దయింది. నరసరావుపేట ఆసుపత్రికి తెచ్చాం. మాట నెమ్మదిగా తేరుకుంది. కాలు చేతికర్రతో నాలుగడుగులు వేసేదాకా వచ్చింది. చెయ్యి మాత్రం రాలేదు. ఊళ్ళో ఉంటే ఎక్సర్‌సైజులు చేయించేవాళ్ళు దొరకరని, పొలం కౌలుకిచ్చి అమ్మానాన్నల్ని మా ఇంటికి తెచ్చుకున్నాను.

కూతురింట్లో ఉండడమే ఆయనకి తల కొట్టేసినట్టుండేది. దానికి తోడు అన్నం. మా నాన్న కుడి చేతి మనిషి అని చెప్పడం చాలదు. ఎడమచేత్తో ఎవరైనా ఏదైనా అందిస్తే తీసుకునేవాడు కాదు. షాపువాడు ఎడమచేత్తో చిల్లర ఇస్తే చెయ్యి మార్చేదాకా అలా నిలబడి ఉండేవాడు. అలాంటి మనిషికి కంచం ముందు కూర్చుంటే చెయ్యి లేవలేదు. మొదటి రోజుల్లో ఒకసారి అందరం కలిసి భోజనానికి కూర్చున్నప్పుడు, మా ఆయన మంచికే, ఎడమచేత్తో తినొచ్చని ఒక స్పూను తెచ్చి ఆయన కంచం పక్కన పెట్టాడు. నాన్న దాని వైపు చూసి, చేతికర్ర అందుకుని, లేచి గదిలోకి వెళ్ళిపోయాడు.

అప్పటినుంచి ఆయన భోజనం గదిలోనే, తలుపు వేసుకుని. అమ్మ ముద్దలు కలిపి పెట్టేది. తలుపు సందులోంచి "చాలు" అనే మాట ఒక్కటే వినపడేది. నాలుగు ముద్దలకే చాలు. కంచం బయటికి వచ్చేసరికి సగానికి పైగా అన్నం అలాగే ఉండేది. పొలం పనిలో రాయిలా ఉన్న మనిషి చొక్కాలో వదులైపోయాడు. గ్లాసు ఎడమచేత్తో పట్టుకోవడానికి అభ్యంతరం లేదు కాబట్టి మజ్జిగ మాత్రం తాగేవాడు. డాక్టరు నన్ను పక్కకి పిలిచి, మందులకన్నా ముందు ఆయన తిండి సంగతి చూడమన్నాడు. ఈయన పక్షవాతంతో కాదు, పట్టుదలతో పోతాడేమోనని నాకు భయమేసింది. భయమేస్తే నాకు కోపం వస్తుంది. రోజూ ఎవరో ఒకరి మీద అరిచేదాన్ని.

ఫిజియోథెరపీ అమ్మాయి ఒక మెత్తటి రబ్బరు బంతి ఇచ్చి, పిసుకుతూ ఉండమంది. నాన్న దాన్ని రెండుసార్లు పిసికినట్టు చేసి మంచం కిందికి దొర్లించేవాడు. అమ్మ వంగి తీసి మళ్ళీ చేతిలో పెట్టేది.

ఒక ఆదివారం సాయంత్రం వరండాలో కూర్చుని పొలం ఆట ఆడుకుంటుంటే, పక్క కుర్చీలోంచి నాన్న తొంగిచూశాడు.

"ఏందమ్మా అది?"

"పొలం ఆట నాన్నా."

"ఎవరి పొలం?"

"మనదే అనుకో."

"నల్లరేగడా, చవుడా?"

ఆ సంగతి నేనెప్పుడూ ఆలోచించలేదు. నల్లరేగడే అన్నాను. ఆయన కుర్చీ నా వైపుకి జరుపుకోబోయాడు. నేనే జరిపాను.

"పురుగు పడదా దీనికి?"

"పడదు."

"తెగుళ్ళు?"

"రావు."

"మరి యవసాయం అంటావేంది దీన్ని?" అన్నాడు. అయినా చూపు మాత్రం తెర మీదినుంచి తియ్యలేదు. నేను రాళ్ళు వదిలేసి దున్నుతుంటే, ముందు ఆ మూలనున్న రాళ్ళు ఏరమన్నాడు. జబ్బు చేసిన తర్వాత ఆయన ఒక పని చెయ్యమని నాకు చెప్పడం అదే మొదలు. డబ్బా ఆయన ఒళ్ళో పెట్టాను.

ఎడమ బొటనవేలితో మనిషిని నడిపించడం తొందరగానే పట్టుబడింది. పని చేయించే బటన్ కుడి పక్కన ఉంది. కుడి చెయ్యి కదలదు. సెట్టింగుల్లోకి వెళ్ళి, ఆ పనిని ఎడమ పై అంచున ఉన్న బటన్ కి మార్చాను. ఆట మొత్తం ఒక్క ఎడమ చేత్తో నడుస్తుందన్నమాట. ఎదుటి కంపెనీ సొంత డబ్బా మీదయితే ఇది కుదిరేది కాదు. అంత తెలివి నాకున్నందుకు నన్ను నేనే మెచ్చుకున్నాను.

రాళ్ళు ఏరాడు. కలుపు తీశాడు. ఆటలోని అంగట్లో ముల్లంగి విత్తనాలు కొని తెరమీది మనిషి చేతికిచ్చాను. ఎడమ వేలితో నొక్కాడు. మట్టి మీద గింజలు పడ్డట్టు కనిపించింది. ఆయన ఒక్క క్షణం తన ఎడమ చేతి వైపు చూసుకుని, డబ్బా నా ఒళ్ళోకి తోసేశాడు.

"ఇత్తనం ఎడం చేత్తో ఏయిస్తావా నా చేత?"

"ఆట నాన్నా ఇది."

"ఆటయితే మాత్రం? రాయి ఏరటానికి, నీళ్ళు పొయ్యటానికి ఏ చెయ్యయితే ఏంది. ఇత్తనం ఎడం చేత్తో ఏసే వంశం కాదు మనది. అయ్యి తీసెయ్యి."

నవ్వొచ్చింది, ఏడుపూ వచ్చింది. వేసిన విత్తనం తియ్యడం ఆ ఆటలో కుదరదు. ఆపేసి, అంతకుముందు దాచిపెట్టుకున్న చోటినుంచి మళ్ళీ మొదలుపెట్టాను. ఈసారి రెండు బటన్లూ అదే పని చేసేటట్టు పెట్టాను, ఎడమ అంచుదీ, కుడి పక్కదీ. నీళ్ళకీ కలుపుకీ ఎడమ బటన్, విత్తనానికి కుడి బటన్. ఈ విభజన ఆటది కాదు, ఆయనది. ఆట కనిపెట్టినవాళ్ళకి విత్తనానికి నొక్కినా నీళ్ళకి నొక్కినా ఒకటే.

అక్కడినుంచి మొదలైంది. నాన్న విత్తనం వేసే తీరు చూడలేకపోయేవాళ్ళం. డబ్బాని ఒళ్ళో దిండు మీద పెట్టుకునేవాడు. ఎడమ చేత్తో కుడి చేతిని ఎత్తి, బొటనవేలిని బటన్ మీద ఉంచేవాడు. తర్వాత దాని వైపే చూస్తూ కూర్చునేవాడు. మెడ నరాలు తేలేవి. కొన్నిసార్లు వేలు కిందికి దిగేది, ఎక్కువసార్లు దిగేది కాదు. ఆటలో సూర్యుడు దిగిపోయేవాడు, మనిషి నిద్రపోయేవాడు, చేతిలో విత్తనాలు అలాగే ఉండేవి. ఒక్క సాలు పూర్తయ్యేసరికి ఋతువు మారిపోయి, మొలిచిన కాసిని మొక్కలూ ఎండిపోయేవి. నేను విసుక్కుంటే, "మనకి మాత్రం ఎండిపోలా?" అని మళ్ళీ మొదలుపెట్టేవాడు.

అయినా వేలు కదులుతోంది. మొదట పదిసార్లకి ఒకసారి నొక్కగలిగినవాడు, తర్వాత తర్వాత సగం సార్లు నొక్కగలుగుతున్నాడు. నాకు ఆశ పుట్టింది. కాలేజీలో పాఠం చెబుతూ కూడా ఆ వేలి గురించే ఆలోచించేదాన్ని. బటన్ నొక్కే వేలు రేపు ముద్ద పట్టుకోదా అనుకున్నాను. ఫిజియోథెరపీ అమ్మాయిని కూర్చోబెట్టి, నాన్న చేత విత్తనం వేయించి చూపించాను. ఆమె మెచ్చుకుంది. కానీ వెళ్ళేటప్పుడు గేటు దగ్గర ఆగి, ఒక వేలు కిందికి దిగడం వేరు, అయిదు వేళ్ళూ దగ్గరికొచ్చి అన్నం పట్టుకుని నోటిదాకా లేవడం వేరు, భుజంలో ఇంకా బలం లేదు, ఇన్ని నెలల తర్వాత పెద్దగా రాకపోవచ్చు అని నెమ్మదిగా చెప్పింది. ఆ మాట నేను ఇంట్లో ఎవరికీ చెప్పలేదు. అమ్మకి ముందే తెలుసని తర్వాత అర్థమైంది.

వేలు అక్కడే ఆగింది. ఎండాకాలం పోయి వానలు పడ్డాయి. మా ఆయన కొట్టు ముందు రైతులు పత్తి విత్తనాల కోసం బారులు తీరారు. నాన్న వరండాలో కూర్చుని, వీధిలో విత్తన సంచులతో పోయేవాళ్ళని చూసేవాడు, ఒళ్ళోని తెర వైపు చూసేవాడు. సగం సార్లు దిగే వేలు సగం సార్లే దిగుతోంది. కంచం ఎప్పటిలాగే సగం మిగిలి బయటికి వస్తోంది.

ఆ వానల్లోనే అమ్మకి జ్వరం వచ్చింది. లేవలేకపోయింది. నేను అన్నం కలిపి గదిలోకి తీసుకెళ్ళాను. నాన్న నోరు తెరవలేదు. కూతురి చేత తినిపించుకోవడం ఆయన వల్ల కాదు. స్పూనుతో నువ్వే తిను అన్నాను. తల అడ్డంగా ఊపాడు. బతిమాలాను, అరిచాను, కంచం బల్ల మీద పెట్టి బయటికి వచ్చేశాను. ఆ రోజంతా రెండు గ్లాసుల మజ్జిగతో గడిపాడు. మర్నాడూ అంతే. పక్క మంచంలో అమ్మ గోడవైపు తిరిగి పడుకునుంది. నిద్రపోతోందనే అనుకున్నాను.

ఆ తర్వాతి రోజు ఆదివారం. జ్వరం పూర్తిగా తగ్గకముందే అమ్మ లేచి స్నానం చేసి హాల్లోకి వచ్చింది. నాన్న సోఫాలో కూర్చుని విత్తనం వేస్తున్నాడు. రెండు రోజులుగా తిండి లేని మనిషి, వేలు అసలు దిగడం లేదు. ఎత్తి పెడుతున్నాడు, జారిపోతోంది. మళ్ళీ ఎత్తి పెడుతున్నాడు. అమ్మ కాసేపు నిలబడి చూసింది. తర్వాత పక్కన కూర్చుని డబ్బా వైపు చెయ్యి చాపింది.

"ఇటియ్యి."

అన్ని నెలల్లో ఆవిడ దాన్ని ఒక్కసారి కూడా ముట్టుకోలేదు. నాన్న ఆశ్చర్యపోయి ఇచ్చేశాడు. "ఏది నొక్కితే ఇత్తనం పడుద్దే?" అని నన్నడిగింది. ఎడమ అంచుదైనా కుడి పక్కదైనా పడుతుందని చెప్పాను. "అయితే నువ్వు నడిపించు" అంది. నేను పక్కన మోకాళ్ళ మీద కూర్చుని మనిషిని సాలు వెంట కదిలించాను. ఒక్కో అడుగుకీ అమ్మ ఎడమ చేత్తో నొక్కుకుంటూ పోయింది. తడబాటు లేదు. సాలు చివరిదాకా విత్తనం పడింది. రెండో సాలుకి తిప్పమంది.

"ఏమే, ఎడం చెయ్యి" అన్నాడు నాన్న.

"ఏ చెయ్యో నాకు తెలవదా?"

రెండో సాలు కూడా పూర్తిచేసి డబ్బా పక్కన పెట్టింది. అప్పుడు చెప్పింది. గొంతు పెంచలేదు.

"మన చేలో మిరప నారు, నేను నాటిందంతా ఈ చేత్తో నాటిందే. కాపరానికొచ్చిన కాడినుంచి. నువ్వు ఎడ్లతో సాళ్ళ గీతలకి అచ్చు తోలుకుంటా ముందర పోయేవోడివి. ఎనకమాల వంగి నాటే ఆడోళ్ళలో ఎవురు ఏ చేత్తో నాటారో చూసిందెవురు? కుడి చేత్తో నాటితే అందరికన్నా ఎనకబడి పోయేదాన్ని. అందుకని దీంతో నాటా. ఆ మొక్కలు కాయలేదా? ఆ కాయలు నువ్వు మిర్చి యార్డుకి తోలలేదా? దీన్ని చదివించలేదా?"

దీన్ని అంటే నన్ను. పుట్టినప్పటినుంచీ చూస్తున్నాను, అమ్మది ఎడమ చేతి వాటమని నాకు తెలియదు. అమ్మ పెట్టే ముగ్గు గీతలు వంకరపోతాయని పండగపూట ఇరుగమ్మా పొరుగమ్మా నవ్వడం గుర్తుంది. నేనూ వాళ్ళతో కలిసి నవ్వేదాన్ని. ఇంట్లో ఆవిడ చేసిన ప్రతి పనీ చేతగాని చేత్తోనే చేసింది.

"ఎడం చెయ్యి పిల్లని ఎవురు చేసుకుంటారని, అన్నం పెట్టే ముందు మా అమ్మ దీన్ని తువ్వాలుతో నడుముకి కట్టేది. తినటం వచ్చిందాకా కట్టింది" అని అమ్మ లేచింది. "నువ్వు కంచాలు పెట్టు" అంది నాతో.

గదిలోకా అని అడగబోయాను. ఆవిడ హాల్లో, అందరం కూర్చునే చోటే చాప వేసింది. నాన్నకి కుర్చీ, ముందు చిన్న బల్ల. మా ఆయన ఇదంతా విని ఏం చెయ్యాలో తెలియక నిలబడి ఉంటే, "నువ్వు కూడా కూర్చో అబ్బాయ్" అంది. అన్నం, పప్పు, దోసకాయ పచ్చడి వడ్డించాను. నేనూ కంచం పెట్టుకుని మా ఆయన పక్కన కూర్చున్నాను. నాన్న లేచి వెళ్ళిపోతే ఇక ఈ ఇంట్లో ఆయన్ని బతికించుకునే దారి లేదని నాకు తెలుసు.

అమ్మ నాన్న ఎదురుగా కూర్చుంది. ఎడమ చెయ్యి కడుక్కుని, అల్లుడి ముందు, మొగుడి ముందు, ఎడమ చేత్తో అన్నంలో పప్పు కలిపింది. ఎంత చకచకా కలిపిందో. కుడి చేత్తో ఆవిడ తినేటప్పుడు ప్రతి ముద్దనీ వేళ్ళతో రెండుసార్లు సర్దుకునేది, అది ఆవిడ నిదానం అనుకునేవాళ్ళం. మా ఆయన తన కంచంలోకి తల దించేసుకున్నాడు. నాన్న అమ్మ చేతి వైపే చూస్తున్నాడు. ఆయన కుడి చెయ్యి ఒళ్ళో, ఎక్కడ పెట్టింది అక్కడే ఉంది.

"ఇన్నాళ్ళూ ఎందుకు చెప్పలేదే?" అన్నాడు.

"చెప్తే తిననిచ్చేవోడివా?"

అమ్మ ఒక ముద్ద నోట్లో పెట్టుకుని నమిలి మింగి, ఆయన కళ్ళలోకి చూసింది.

"నాది కాని చేత్తో నేను ఇన్నేళ్ళు తిన్నా. నీకు చేతకాదా?"

కుడి చెయ్యి ఇక రాదన్న సంగతి మా ఇంట్లో ఎవరూ పైకి అనలేదు, అమ్మ కూడా అనలేదు. కానీ అందరికీ ఆ క్షణంలోనే తెలిసిపోయింది. నాకు ఏడుపు ఆగలేదు, పచ్చడి గిన్నె కోసమన్నట్టు అటు తిరిగాను. వెనక్కి తిరిగేసరికి నాన్న ఎడమ చెయ్యి కంచంలో ఉంది. వేళ్ళకి ఎలా మడుచుకోవాలో తెలియడం లేదు. మొదటి ముద్ద సగం పంచె మీద పడింది. మూతి పక్కన పప్పు అంటింది. అమ్మ సాయం చెయ్యలేదు, చూడలేదు, తన అన్నం తను తింటూ కూర్చుంది.

చాలాసేపు పట్టింది. మా ముగ్గురి భోజనం అయిపోయినా లేవకుండా చేతులు ఎండగట్టుకుని కూర్చున్నాం. కంచం ఖాళీ అయ్యాక నాన్న తల ఎత్తకుండా దాన్ని నా వైపుకి కాస్త జరిపాడు.

"ఇంకొంచెం పెట్టమ్మా" అన్నాడు.